చేతికి కట్టిన గ్యాస్ బుగ్గలు

మొన్న జనగామలో ఒక పుట్టినరోజుకు పోతే, ఫంక్షన్ హాలు తలుపు తీయగానే కొత్త రబ్బరు వాసన ముక్కుకు తగిలి నా ఒళ్లు మండిపోయింది. కప్పుకు ఆనుకుని గ్యాస్ బుగ్గలు, అదే బెలూన్లు, వాటి కిందనే కేకు మీద వెలిగించిన కొవ్వొత్తులు. "వీట్ల ఏం గ్యాస్ నింపినవ్?" అని బుగ్గలాయనను అడిగితే, "గ్యాసంటే గ్యాసే అమ్మా" అన్నాడు. కొవ్వొత్తులు నేనే ఊదేసి, బుగ్గలన్నీ బయటికి లాక్కుపోయి దారాలు తెంపాను. పిల్లలు ఏడ్చారు. పెద్దలు పిచ్చిదాన్ని చూసినట్టు చూశారు. చూడనీ.

మా చిన్నప్పుడు స్టేషన్ ఘన్‌పూర్‌లో బతుకమ్మ వచ్చిందంటే, తంగేడు, గునుగు పూలు గుమ్మరించిన వాకిట్లో, మలీద ముద్దల బెల్లం ఇంకా వేళ్లకు అంటుకుని ఉండగానే, మా పెద్దమ్మ బిడ్డ సరోజనక్క పాట ఎత్తుకునేది. పక్కనుంచి రైలు పోయినా ఆ గొంతు వినబడేది.

ఒక ఏడు పండుగ ముందర బడిలో కొత్త గది తెరవడానికి లీడర్ వస్తున్నాడన్నారు. బడి వెనక ఒకాయన ఇనుప బుడ్డిలో కాస్టిక్ సోడా, అల్యూమినియం ముక్కలు, నీళ్లు పోసి బుగ్గలు నింపాడు. అది హైడ్రోజన్ అని, అగ్గి తగిలితే అంటుకుంటుందని మా సైన్సు సారుకు తెలుసు; అంతకుముందే గాజునాళికకు అగ్గిపుల్ల చూపించి, టప్పుమనిపించి మాకు చెప్పింది ఆయనే. ఆ సారే ఆడపిల్లలను వరుసగా నిలబెట్టి, ఒక్కొక్కరి మణికట్టుకు ఒక్కో గుత్తి కట్టాడు. బాగా పాడుతుందని సరోజనక్కను అందరికంటే ముందు నిలబెట్టాడు.

లీడర్ కారు దిగుతుంటే ఎవరో పటాకుల లడీ అంటించారు. ఎగిరిన నిప్పురవ్వకు అక్క చేతి గుత్తి భగ్గుమంది. అక్క చెయ్యి విదిలించుకుంది గాని ముడి ఊడలేదు. కారు వెనక్కి తిరిగిపోయింది. అక్క నాయన, మా పెద్దబాపు, ఆమెను ఆటోలో వరంగల్ దవాఖానకు తీసుకుపోయాడు.

"పిల్లలు అగ్గిపెట్టెతో ఆడుకున్నరు" అని మరునాడు బడిలో చెప్పారు. పెద్దమ్మ కాలిన లంగా పట్టుకుని వచ్చి సారు ఎదుట నిలబడింది.

"ఒక చేతికి మీరు కట్టిన గుత్తి, ఇంకో చేతిల పూలపళ్లెం. నా బిడ్డ అగ్గిపుల్ల ఎట్ల గీసింది సారూ? జర చెప్పు."

"పరేషాన్ కాకమ్మా, సాయం ఇప్పిస్తం" అన్నాడు హెడ్మాస్టరు.

"సాయం నాకెందుకు? తప్పు మాదని అనుండ్రి."

ఎవరూ అనలేదు. అక్క బతికింది. కాలిన మెడ చర్మం బిగుసుకుపోయి నోరు పూర్తిగా తెరుచుకోదు. మళ్లీ బడికీ రాలేదు, పాటా ఎత్తుకోలేదు.

ఇప్పుడు హైడ్రోజన్‌తో బస్సులు నడుస్తాయట, పొగకు బదులు నీటి ఆవిరే వస్తుందట. నడవనీ. గ్యాసు మీద నాకేం కోపం? తెలిసీ పిల్లల చేతులకు కట్టినవాళ్ల మీదే నా కోపమంతా. బడిలో ఆ గది కూలిపోయింది. పెద్దమ్మ పోయింది. హెడ్మాస్టరు పోయాడు, సారు పోయాడు. తప్పు మాదని ఒక్కరైనా అనకుండానే పోయారు.