సున్నం కాదు, మెత్తరాయి

మా చిన్నప్పుడు... మిర్యాలగూడ బళ్ళో మూడో తరగతిలో నేను రాసిన బలపాలు అంగట్లో కొన్నవి కావు. పక్కన కూర్చునే మార్త ఇచ్చినవి.

మాకు బియ్యం మిల్లు ఉండేది. ఇంట్లో డబ్బా నిండా సన్నటి బలపాలు ఉండేవి. అయినా నాకు మార్తవే కావాలి... లావుగా, వంకరగా ఉన్నా పలక మీద తెల్లగా పడేవి. అవి ఎక్కడివో చూడాలని ఒకరోజు బడి వదలగానే ఆమె వెంట వాళ్ళ వాడకు వెళ్ళాను. మేము ఆ వాడలో అడుగుపెట్టకూడదని ఇంట్లో కట్టడి. తెలిస్తే మా నాయనమ్మ బడి మాన్పించేది.

మార్త వాళ్ళ నాయిన రాళ్ళ పనికి వెళ్ళేవాడు. ఎక్కడినుంచో తెచ్చుకున్న తెల్లరాయిని ముంగిట్లో పెట్టుకుని రంపం ముక్కతో బలపాలుగా కోస్తున్నాడు. రాయిని కోయడం నేనప్పుడే చూశాను. గోటితో గీరి చూడమన్నాడు. నిజంగానే గీత పడింది.

"మెత్తరాయి బిడ్డా. జర గట్టిగ పడితె ఇరుగుతది" అన్నాడు.

వారం తిరక్కుండానే సారు సున్నపురాయి పాఠం చెప్తూ, బలపం కూడా సున్నంతోనే చేస్తారన్నారు. మార్త లేచి నిలబడింది.

"సున్నం గాదు సార్. అది మెత్తరాయి. మా నాయిన కోస్తడు."

తరగతంతా ఘొల్లున నవ్వింది. సారుకు తలకొట్టేసినట్టయింది. రాయిని కోయడం ఎవరు చూశారని గద్దించారు. మార్త నన్ను చూపించి, ఈమె మా ఇంటికొచ్చి చూసిందని చెప్పింది.

సారు నన్ను లేపారు. నాకు నాయనమ్మ ముఖమే కనిపించింది...

"నేను వాళ్ళింటికి పోలే సార్" అన్నాను.

అబద్ధమాడిందని కొట్టిన దెబ్బలకు మార్త అరచేతులు రెండూ వాచాయి. సారు ఆరోజే ఆమెకు 'సున్నం మార్త' అని పేరు పెట్టారు. హాజరు కూడా అదే పేరుతో పిలిచేవారు. ఇక పిల్లలు ఊరుకుంటారా... నేనూ అలాగే పిలిచాను. దసరా సెలవుల తర్వాత మార్త బడికి రాలేదు. వరికోతలకు పోతోందన్నారు.

హైస్కూల్లో సైన్సు పుస్తకంలో చదివాను. ఆ రాయి పేరు టాల్క్ అట. సున్నం కానే కాదు, మెగ్నీషియం సిలికేట్ అట. ఖనిజాలన్నిటిలోకీ మెత్తనిదట. ముఖానికి రాసుకునే పౌడరూ దాని పిండేనట. పుస్తకం అన్ని మాటల్లో చెప్పినదాన్ని మార్త వాళ్ళ నాయిన ఒక్క పేరులో చెప్పాడు. నా మీద నాకే ఒళ్ళు మండింది. ఆ రాయి పిండి మా ఇంట్లో అద్దం ముందు డబ్బాలో దర్జాగా ఉంది. మార్త మాత్రం మా గడప తొక్కకూడదు.

ఆ ఏడే మార్త మా మిల్లుకు కూలికి వచ్చింది. బియ్యం చెరుగుతుంటే దగ్గరికి వెళ్ళి, నువ్వు చెప్పిందే నిజమని పుస్తకంలో ఉందని చెప్పాను. చేట ఆపలేదు.

"నాకెర్కనే గద. సార్‌కు చెప్పకపోతివి" అంది.

ఆ సారు అప్పటికే పోయారు. ఇప్పుడు పలకలూ లేవు, బలపాలూ లేవు... పిల్లలకు పేర్లు పెట్టి ఏడిపించడం మాత్రం పోలేదు. మీరూ ఎప్పుడైనా ఇలా నిజం దాచి ఉంటే ఇక్కడ రాయండి... కానీ చెప్పాల్సిన మనిషి బతికి ఉంటే, ముందు వెళ్ళి వాళ్ళకే చెప్పండి.