కమలాదేవి ఎంచుకున్న కాఫీ మిషను

తొర్రూరులో శ్రీపాల్ దొర ఇంటికి పోయి చాయ్ తాగకుండా బయటికి వచ్చినవాడు లేడు. తెలంగాణ ఉద్యమం ముదిరిన ఆ రోజుల్లో అయితే ఆ ఇంటి గుమ్మం ముందు చెప్పులు విడవడానికి కూడా జాగా ఉండేది కాదు. ధర్నా ఉంటే అక్కడే కూడేవారు, రాస్తారోకో ఉంటే అక్కడి నుంచే బయలుదేరేవారు, ఏదీ లేకపోతే ఎందుకు లేదో మాట్లాడుకోవడానికి వచ్చేవారు. శ్రీపాల్ మండల జేఏసీకి పెద్ద. మాట మంచిది, మనసూ మంచిదే. ఎవరొచ్చినా లోపలివైపు మెడ తిప్పి, "కమలా, చాయ్" అనేవాడు. ఆ ఇంట్లో ఎక్కువసార్లు వినబడ్డ మాట జై తెలంగాణ అనుకుంటారు గానీ, కాదు, ఇదే.

ఆ కమల అంటే కమలాదేవి, ఆయన భార్య. దేవరుప్పుల వైపు ఊరి ఆడపడుచు. నవ్వితే ఒళ్లంతా నవ్వే మనిషి. ముందు గదిలో దగ్గు వినబడితే చాలు, వచ్చిందెవరో, చక్కెర ఎంతో, కప్పు కావాలో గ్లాసు కావాలో వంటింట్లోంచే చెప్పేది. అందరూ మెచ్చుకునేవారు. ఆ మెప్పే ఆమె కాళ్లకు తాడయ్యింది.

సాయం ఎవరూ లేరా అంటే, బాలనర్సమ్మ ఉంది. వాకిలి ఊడుస్తుంది, గిన్నెలు తోముతుంది, వంటింటి గడప దాకా వస్తుంది, అక్కడ ఆగిపోతుంది. ఆ ఇంటి పొయ్యిని ఆ ఇంటి కోడలు తప్ప ఇంకొకరు ముట్టకూడదని కమలాదేవి అత్త పెట్టిన కట్టడి. అత్త కాలం చేసి ఏళ్లయింది, కట్టడి మాత్రం బతికే ఉంది. ఇక మగవాళ్లు పొయ్యి ముట్టించడమంటే, అది ఆ ఇంట్లో ఎవరి ఊహలోకీ రాలేదు.

తెలంగాణ వస్తే కొలువులొస్తయి, నీళ్లొస్తయి అని ముందు గదిలో మాట్లాడుకుంటూ ఉంటే, లోపల ఆమె బాలనర్సమ్మతో మెల్లగా, "చాయ్ పెట్టుడు పోతదా ఏందే?" అనేది. బాలనర్సమ్మ కొంగు నోట్లో కుక్కుకుని నవ్వేది.

ఆమెకు ఒకటే కోరిక పట్టుకుంది. బస్టాండు దగ్గర రిలే నిరాహార దీక్షల టెంటు వేశారు. ఒకరోజు వకీళ్లు కూర్చునేవారు, ఒకరోజు మంగలివాళ్లు, ఒకరోజు బంగారం పని చేసే అవుసలోళ్లు. ఆడవాళ్ల వంతు కూడా వచ్చేది. పక్కింటామె కూర్చుంది, టీచరమ్మలు కూర్చున్నారు. కమలాదేవి మాత్రం రెండుసార్లు పేరిచ్చి రెండుసార్లూ పోలేకపోయింది. ఆ పొద్దే ఎవరో పెద్దలు రావడం, "కమలా, చాయ్". ఇట్లా అంటే ఆమె పెద్ద ఉద్యమకారిణి అనుకునేరు. తెలంగాణ రావాలని ఆమెకూ ఉంది, లేదని కాదు. కానీ అసలు సంగతి వేరు. టెంటులో కూర్చున్న మనిషిని చాయ్ పెట్టమని అడిగేవాడు ఈ లోకంలో లేడు. పొద్దున్నుంచి పొద్దుగూకేదాకా ఎవరూ ఏదీ అడగని చోట ఒక్కసారి కూర్చోవాలి. అంతే.

సరిగ్గా అప్పుడే శ్రీపాల్ హన్మకొండలో ఒక నాయకుడి ఇంట్లో ఎస్‌ప్రెస్సో మిషను చూసి వచ్చాడు. పెండ్లిళ్లలో బుస్సుమనే పెద్దది కాదు, ఇంట్లో పెట్టుకునేది. ఇక ఆయనకు నిద్ర లేదు. అన్న కొడుకు గౌతమ్ హైదరాబాదులో చదువుకుంటూ ఇట్లాంటివన్నీ తెలిసినవాడు. వాణ్ని పిలిపించి, కమలాదేవిని కూడా కారెక్కించుకుని హన్మకొండ షాపుకు పోయాడు. దారి పొడుగునా, నువ్వే ఏరుకో, చేసేదానివి నువ్వే గదా అన్నాడు. ఆయన ప్రేమగానే అన్నాడు. చేసేదానివి నువ్వే అన్న మాట దగ్గరే ఆమె మొహం కిటికీ వైపు తిప్పుకుంది.

షాపులో రెండు మిషన్లు తేలాయి. మొదటిది అద్దంలా మెరిసే స్టీలుది. దానికి కత్తి పిడిలాంటి పిడి. అందులో పొడి పోసి గట్టిగా అదిమి, మిషనుకు బిగించి, పాల గిన్నెను ఆవిరి గొట్టం కింద వంచి పట్టుకోవాలి. నురుగు రావాలంటే చెయ్యి తిరగాలి, అది కొన్నాళ్లకు గానీ పట్టుబడదు అని గౌతమ్ చెప్పాడు. రెండోది నల్ల డబ్బా. చూడ్డానికి ఏమీ లేదు. పైన గింజలు పోస్తే తనే దంచుకుంటుంది, పక్క గిన్నెలోంచి పాలు తనే పీల్చుకుంటుంది. బటన్ నొక్కితే కప్పులో పడుతుంది.

శ్రీపాల్ స్టీలుదాని ముందు నిలబడి కదలలేదు. గొట్టం తిప్పి చూశాడు, పిడి పట్టి చూశాడు, అందులో తన మొహం చూసుకున్నాడు. కమలాదేవికి మాత్రం అందులో ఆ పిడి పట్టుకుని బతుకంతా నిలబడ్డ తనే కనబడింది. ఇప్పుడు చాయ్ పెట్టడమైనా పదిమందికి వచ్చు. దీన్ని ఆమె తప్ప ఎవరూ తిప్పలేరు. నల్ల డబ్బాను ఎవడైనా నొక్కవచ్చు. ముందు గదిలో టీవీ పక్కన పెడితే దానికి అత్త కట్టడి కూడా అంటదు. పొయ్యి ముట్టించడం మగవాడి పని కాదు గానీ బటన్ నొక్కడం మగవాడి పనే కదా. టీవీ నొక్కడం లేదూ, మోటరు నొక్కడం లేదూ.

ఇవన్నీ నోటితో చెప్పే మాటలు కావు. ఆమె స్టీలుదాని చుట్టూ ఒకసారి తిరిగి, కొంగుతో నోరు అడ్డం పెట్టుకుంది.

"గిది మంచిగనే ఉన్నది. బస్టాండు కాడి హోటల్ల గూడ గిసొంటిదే ఉంటది గదా," అంది.

శ్రీపాల్ చెయ్యి పిడి మీదనే ఆగింది. "హోటల్దా?"

"నాకేం ఎరుక. దొర ఎలచ్చన్లకు నిలబడ్తడనుకున్నం, హోటల్ పెట్టిండేందిరా అంటరేమో అని."

గౌతమ్ అటు తిరిగి నవ్వు మింగాడు. శ్రీపాల్ కాసేపు నల్ల డబ్బాను చూసి, "ఇది జర ఆఫీసు తీరుగ ఉన్నది, పెద్దతనం ఉన్నది దీనికి," అన్నాడు. అదే కొన్నారు. ఇంటికొచ్చేసరికి దాన్ని ఏరింది తనేనని ఆయన పూర్తిగా నమ్మాడు.

ఆ తర్వాత కొన్నాళ్లు చూడాలి ఆయన సంబరం. వచ్చినవాణ్ని కూర్చోనివ్వకుండా మిషను దగ్గరికి తీసుకుపోయి, బటన్ తనే నొక్కి, కప్పు తనే అందించేవాడు. బటన్ నొక్కినట్టు తెలంగాణ గూడ గిట్లనే రావాలె అని అందరికీ చెప్పేవాడు. ఆ చేదుకు కొందరు మొహం అదోలా పెట్టేవారు గానీ దొర చేత్తో ఇచ్చిన కాఫీని వద్దనేదెవరు. లోపల కమలాదేవి పీట మీద కూర్చుని, ఏమీ తోచక, చేతులు చూసుకునేది. మెల్లగా ధైర్యం వచ్చింది. ఆడవాళ్ల వంతు వచ్చినప్పుడు మూడోసారి పేరిచ్చింది. పో, పో, ఇక్కడ నేనున్న గదా అన్నాడు శ్రీపాల్.

అప్పటికి సకల జనుల సమ్మె మొదలైంది. బస్సులు నిలిచాయి, బడులు మూశారు, ఆఫీసులకు తాళాలు పడ్డాయి. భూపాలపల్లిలో బొగ్గుబాయి కార్మికులు గనుల్లోకి దిగడం మానేశారు. శ్రీపాల్ జీపు కట్టుకుని అక్కడిదాకా పోయి, ఒక్క బొగ్గు పెళ్ల గూడ బయటికి రావద్దు, అంధకారమైతే గానీ ఢిల్లీకి మన మొహం కనబడదు అని మాట్లాడి వచ్చాడు. చప్పట్లు బాగా కొట్టారట. బొగ్గు ఆగితే కరెంటు ఆగుతుంది, కరెంటు ఆగితే తన ఇంట్లో నల్ల డబ్బా ఆగుతుంది అన్నది ఆయనకు తట్టలేదు. నిజం చెప్పాలంటే కమలాదేవికీ తట్టలేదు. రెండు మిషన్లనూ అంత జాగ్రత్తగా తూచింది గానీ రెండూ ఒకే తీగ మీద బతుకుతాయని మరిచింది.

తన వంతు వచ్చిన పొద్దు కమలాదేవి స్నానం చేసి, ఎర్రంచు చీర కట్టుకుని టెంటులో కూర్చుంది. మెడలో బంతిపూల దండ వేశారు. పక్కన తండా నుంచి వచ్చిన లచ్చి కూర్చుంది. దొరసాని పక్కన అని మొదట ముడుచుకుని, కాసేపటికి కాళ్లు చాపింది.

"ఆకలైతలేదా అక్కా?"

"లేదే. నీకు?"

"నాకెందుకైతది? పొద్దుగాల నుంచి ఒక్కడు గూడ నా పేరు పిలవలే. గిదానితోనే కడుపు నిండింది."

కమలాదేవి ఎంత నవ్విందంటే దండలోంచి రేకులు రాలాయి. ఎండ పడుతూ ఉంది, మైకులో పాటలు వస్తూ ఉన్నాయి, ఆమె చేతులు ఒడిలో ఊరికే ఉన్నాయి.

ఎండ నడినెత్తికొచ్చే వేళకు శ్రీపాల్ టెంటులోకి వచ్చాడు. భార్యను అభినందించడానికి వచ్చాడని అందరూ లేచి చప్పట్లు కొట్టారు. ఎవరో ఆయన చేతికి దండ కూడా ఇచ్చారు. ఆయన ఆ దండ వేస్తూ ఆమె చెవి దగ్గరికి వంగాడు.

"కరెంటు పోయింది. భూపాలపల్లోళ్లు జీపుల వచ్చిండ్రు."

"హోటల్ నుంచి తెప్పియ్యిండ్రి."

"బందు గదనే. మనమే మూయించినం."

"నేను దీక్షల ఉన్న."

"జరసేపే. పెట్టి మళ్లొచ్చి కూసో. మన కోసమే గనులు బందు వెట్టినోళ్లు, ఎండిన నోటితోని పంపుతమా?"

చప్పట్లు ఇంకా ఆగలేదు. కాదంటే అందరి ముందు ఆయనకు తలవంపులవుతుంది. అది ఆమెకు చేతకాదు. లచ్చి అంతా విన్నది, ఇంకెవరూ కూర్చోకుండా తన కొంగును కమలాదేవి కూర్చున్న జాగాలో పరిచింది.

వంటింట్లో ఆమె పొయ్యి ముట్టించింది. ముందు గదిలో నల్ల డబ్బా పక్కన గని కార్మికులు గోడకు ఆనుకుని కూర్చున్నారు. వాళ్లలో పెద్దవాడు ముత్తయ్య గ్లాసు అందుకుంటూ, "మీరు తాగరా వదినె?" అని అడిగాడు. దీక్షల ఉన్న అని చెప్పింది. ఆయన గ్లాసు నోటి దాకా పోయి కిందికి దిగింది. శ్రీపాల్ ముందు గదంతా వినబడేట్టు, మా ఇంట్ల దీక్ష గూడ పొయ్యి కాడనే అన్నాడు. అందరూ నవ్వారు, ముత్తయ్య తప్ప. వాళ్లు లేస్తుండగా పాలకుర్తి నుంచి ఇంకొందరు దిగారు. వాళ్ల తర్వాత మరికొందరు.

పొద్దు వాలింది. బ్యాటరీ మైకులో టెంటు దగ్గర పేర్లు పిలుస్తున్నారు. పేరు పిలిచినవాళ్లకు ఒక పెద్దమనిషి నిమ్మరసం చేతికిస్తాడు, అది తాగితేనే దీక్ష విరమించినట్టు. లచ్చి పేరు వినబడింది. తర్వాత "శ్రీమతి కమలాదేవి గారు" అని వినబడింది. గంటె పట్టుకుని ఆమె నిలబడిపోయింది. మళ్లీ పిలిచారు. తర్వాత ఇంకెవరి పేరో పిలిచారు.

తెల్లారింది. కరెంటు రాలేదు. శ్రీపాల్ మొహం కడుక్కుని వచ్చి కుర్చీలో కూర్చుని, మెడ తిప్పి, "కమలా, చాయ్" అన్నాడు. లోపలి నుంచి గిన్నె చప్పుడు లేదు. రెండోసారి పిలిచి, లేచి వచ్చి చూస్తే, ఆమె అరుగు మీద నిన్నటి చీరలోనే కూర్చుని ఉంది.

"పానం బాగలేదా?"

"బాగనే ఉన్నది."

"మరి?"

"నాకెవ్వరు నిమ్మరసం ఇయ్యలే. నేనింకా దీక్షలనే ఉన్న."

ఆయన నవ్వబోయి ఆమె మొహం చూసి మానుకున్నాడు. జేఏసీ పెద్ద కదా, దీక్ష నియమం ఆయనకు తెలియనిది కాదు. రాత్రి ఆమె తినలేదని కూడా అప్పుడే తెలిసింది. బాలనర్సమ్మ చీపురు ఆపి గోడ వైపు తిరిగింది. శ్రీపాల్ వంటింట్లోకి పోయాడు. ఆ గదిలో ఆయన అంతసేపు ఉండటం అదే మొదలు. డబ్బాల మూతలు తీస్తున్న చప్పుడు, ఏదో కింద పడ్డ చప్పుడు వినబడ్డాయి.

"నిమ్మకాయలేడ వెట్టినవ్?"

చాలాసేపటికి గ్లాసుతో బయటికి వచ్చాడు. గింజలన్నీ అందులోనే ఉన్నాయి, చక్కెర అడుగునే ఉంది, ఆయన అంగీ మీద తడి. రెండు చేతులతో అందించాడు, టెంటులో పెద్దమనుషులు అందించినట్టే. ఆమె తీసుకుంది. ఒక గుక్క తాగింది. ఆయన మొహం తేటబడింది.

"అయిపాయె గదా. ఇగ చాయ్ పెట్టు, తహసిల్ ఆఫీసోళ్లు వస్తమన్నరు."

కమలాదేవి తల ఊపింది. గ్లాసులోంచి ఒక గింజను వేలితో తీసి అరుగు మీద పెట్టింది. ఇంకో గుక్క, ఇంకో గింజ. ఆయన నిలబడే ఉన్నాడు. ఒక గ్లాసు నిమ్మరసాన్ని ఎంతసేపు తాగవచ్చో అంతసేపు తాగుతూ కూర్చుంది.