మోరీ లేని మండువా

తెల్లాపూర్‌లోని ఆ ఇల్లు గృహప్రవేశం నాడే చెరువైపోవడానికి కారణం మేస్త్రీ కాదు, నేను. ఈ ఒక్క మాట చెప్పడానికి నాకు పదిహేనేళ్లు పట్టింది. ఆ రోజుల్లో నేను ఆర్కిటెక్చర్ పట్టా చేతికొచ్చి ఏడాదైనా నిండని కుర్రాణ్ణి. గచ్చిబౌలిలో ఒక చిన్న ఆఫీసులో గీతలు గీస్తూ, ఇళ్ల గురించి నాకు తెలియనిదేమీ లేదని నమ్మేవాణ్ణి. (అంత ధీమా మళ్లీ ఎప్పుడూ కలగలేదు.)

సాఫ్ట్‌వేర్ ఉద్యోగంలో ఉన్న ఒక గోదావరి జిల్లా ఆయనకు మండువా లోగిలి కావాలట. చుట్టూ గదులు, చెక్క స్తంభాల వసారాలు, నడుమ ఆకాశానికి తెరిచిన మండువా, నాలుగు వైపుల నుంచీ లోపలికే వాలే పెంకుల కప్పు. వెలుతురూ గాలీ ఇంటి నడిబొడ్డుకు చేరేలా, పంట ఆరబెట్టుకోవడమూ పెళ్లి చేసుకోవడమూ గడప దాటకుండానే జరిగేలా, తరాలుగా కట్టుకున్న తీరు అది. ఇదంతా గడగడా అప్పజెప్పగలిగిన నేను, నడిమి నేల ఎందుకు లోతుగా ఉంటుందో మాత్రం ఆలోచించలేదు. సోఫాలకు అడ్డమని, హాలుతో సమంగా లేపి పాలరాయి పరిచేలా గీశాను.

నానక్‌రామ్‌గూడ మేస్త్రీ ఆ కాగితాన్ని తిప్పి తిప్పి చూశాడు.

"గిదేంది సార్? మా దిక్కు దీన్ని భవంతి అంటరు. నడుమ జాగ లోతుకుంటది, మూలకు నీళ్లు పోయే మోరీ ఉంటది. నాలుగు దిక్కుల నీళ్లు ఈడనే పడ్తయి. యాడికి పోవాలె?"

"అవన్నీ పాతకాలం పద్ధతులు మేస్త్రీ. డ్రాయింగ్‌లో ఉన్నట్టు కట్టు."

"నాదేం పోయింది సార్. వాన మీ డ్రాయింగ్ చదువుతదేమో జర అడుగుండ్రి."

గృహప్రవేశం శ్రావణంలో పెట్టుకున్నారు. ఆవు ముందు నడిచింది, పాలు పొంగాయి, మండువాలో హోమం మొదలైంది. అంతలో వాన. అమ్మో! నాలుగు వైపుల కప్పు నీళ్లూ ఒక్కచోట కుమ్మరించినట్టు పడ్డాయి. హోమగుండం బుస్సుమంది. పురోహితుడు పీట వదిలి బల్లెక్కాడు. చెప్పులూ విస్తళ్లూ వరసగా పడగ్గదిలోకి ప్రవేశించాయి. ఆవు మాత్రం వంగి హాయిగా నీళ్లు తాగింది.

"ఏవండోయ్, ఇల్లు కట్టమంటే రేవు కట్టారేంటండీ!" అని ఇంటాయన కేక.

మా బాస్ నిలువునా తడిసి, "ఎవరయ్యా ఇది చేసింది?" అన్నాడు.

మేస్త్రీ నా వైపు చూశాడు. నేను ఆవు వైపు చూశాను.

"మోరీ పెట్టాలని తెలీదా మేస్త్రీ?" అని బాస్ అతని మీద విరుచుకుపడ్డాడు.

అతను నా నోటి నుంచి ఒక్క మాట కోసం ఆగాడు. డ్రాయింగ్ నా సంచిలోనే ఉంది. దాన్ని ఇంకాస్త లోపలికి తోశాను. సాయంత్రానికల్లా అతన్ని మాన్పించారు. మా ఆఫీసు పని మళ్లీ అతనికి దక్కలేదు. నీళ్లకంటే నన్ను నిర్ఘాంతపరిచింది, నా నోరు అంత సులువుగా మూసుకుపోవడం.

మొన్న కోకాపేటలో, ఒక టవరు పని దగ్గర టీ బండి ముందు అతను కనిపించాడు. జుట్టంతా నెరిసింది. పక్కనున్న తాపీపనివాడు, "ఓ చెర్వు మేస్త్రీ, జర జరుగు" అన్నాడు. ఆ రోజు అంటుకున్న పేరు ఇంకా వదల్లేదు! పక్కకు పిలిచి, గొంతు తగ్గించి తప్పు ఒప్పుకున్నాను.

ఆయన నవ్వాడు. "నా చెవుల చెప్తే ఏం ఫాయిదా సార్? నాకు ఎరుకనే గద. నన్ను చెర్వు మేస్త్రీ అనేటోళ్లకు చెప్పుండ్రి."

నలభైకి దగ్గరపడి, పొట్ట పెరిగి, కింద పాతిక మంది పనిచేసే పెద్దమనిషినయ్యాను కదా, ఇట్టే చెప్పేయొచ్చనుకున్నాను. తీరా చూస్తే, సంచిలోకి డ్రాయింగ్ తోసిన ఆ కుర్రాడే ఇంకా నాలో ఉన్నాడు. నవ్వూ వచ్చింది, కళ్లలో నీళ్లూ వచ్చాయి. టీ బండి దగ్గరికి తిరిగొచ్చి, అందర్నీ నా వైపు తిరగమని పిలిచి, గట్టిగానే అన్నాను:

"ఆ ఇంటిని చెరువు చేసింది నేను. ఈయన వద్దన్నా వినలేదు, తర్వాత నోరు విప్పలేదు. మేస్త్రీగారూ, నన్ను క్షమించండి."