దొంగ చలిమిడి

ఆసుపత్రి కౌంటర్ దగ్గర నేను ఆ సంగతి మామూలు గొంతుతోనే అడిగాను. నేను చేసిన తప్పు అదే. మా వైపు కుటుంబ నియంత్రణ అంటే ఎర్ర త్రికోణం, బస్సు వెనకాల బొమ్మ, ప్రభుత్వాసుపత్రి గోడ నిండా రాతలు. కడుపు తీయించుకోవడం గొప్పగా చెప్పుకునే విషయం కాకపోయినా, అడిగితే నర్సమ్మ చీటీ రాసిచ్చి "రేపు పరగడుపున రా" అనేది. అమెరికాలో ఇంకా సులువుగా ఉంటుందనుకున్నాను. కౌంటర్‌లో ఉన్నావిడ పెన్ను కింద పెట్టి, నా వెనక నిలబడ్డవాళ్ళ వంక చూసి, ఇది చర్చి వాళ్ళ ఆసుపత్రి, ఇక్కడ అలాంటివి చేయరని చెప్పింది. ఒక కరపత్రం చేతిలో పెట్టింది. దాని మీద పసిపాప పాదాల బొమ్మ ఉంది. నా చంకలో ఉన్న ఏడు నెలల పాప ఆ కాగితం లాక్కుని నోట్లో పెట్టుకోబోయింది.

ఎనభైల మొదటి రోజులు. చుట్టూ మొక్కజొన్న చేలు తప్ప ఏమీ లేని చిన్న ఊరు. ఊరికంతటికీ అదొక్కటే ఆసుపత్రి, మా ఆయన అందులోనే రెసిడెంట్ డాక్టరు. ఆ సాయంత్రం ఇంటికొచ్చి బూట్లు కూడా విప్పకుండా అడిగారు.

"నా పేరు చెప్పావా?"

"చెప్పలేదండీ. కానీ ఈ ఊళ్ళో బొట్టు పెట్టుకునే ఆడవాళ్ళం ఇద్దరమే కదా."

ఆయన కుర్చీలో కూలబడ్డారు. ఏటా ఆయన కాంట్రాక్ట్ రెన్యూ కావాలి, మా వీసా దాని మీదే ఉంది. నాకు కోపమూ వచ్చింది, భయమూ వేసింది. నా ఒంటి సంగతి అడగకుండా పేరు సంగతి అడిగినందుకు కోపం. ఆయన అడిగినదాంట్లో నిజం ఉన్నందుకు భయం.

పాప పుట్టినప్పుడు నాకు బీపీ పెరిగి ఫిట్స్ వచ్చాయి. రెండేళ్ళ దాకా మళ్ళీ కడుపు రాకుండా చూసుకోమని డాక్టరే చెప్పాడు. అడిగినవాళ్ళకు చెప్పుకోవడానికి ఆ కారణం చాలు. కానీ ఆ ఫిట్స్ రాకపోయినా నాకు అప్పుడు ఇంకో బిడ్డ వద్దు. ఇన్నేళ్ళ తర్వాత కాబట్టి రాస్తున్నాను, అప్పట్లో మనసులో అనుకోవడానికే జంకేదాన్ని. పాలిచ్చినన్నాళ్ళూ కడుపు నిలవదని మా అమ్మ ఉత్తరంలో రాస్తే నమ్మి కూర్చున్నాను. కాన్పు తర్వాత ముట్టు మళ్ళీ మొదలే కాలేదు, కాబట్టి నెలల లెక్క ఎక్కణ్ణుంచి వేసుకోవాలో కూడా తెలియలేదు. మా ఆయన చేత్తో నొక్కి చూసి పది వారాలు ఉండొచ్చన్నారు. కాసేపాగి, పదకొండు కూడా కావచ్చన్నారు.

ఆ తేడాతోనే వచ్చింది చిక్కంతా. టెలిఫోన్ పుస్తకం వెతికి, మూడు గంటల దూరంలో పెద్ద ఊళ్ళో ఉన్న క్లినిక్‌కి ఫోన్ చేశాను. పన్నెండు వారాలు దాటితే క్లినిక్‌లో చేయకూడదు, ఆసుపత్రిలోనే చేయాలని మా రాష్ట్రంలో చట్టం. ఆసుపత్రులేమో చేయవు. పైగా మొదటి రోజు వచ్చి డాక్టరు చెప్పేవన్నీ విని సంతకం పెట్టాలి, ఇరవైనాలుగు గంటలు ఆలోచించుకోవాలి, ఆ తర్వాతే పని. ఆ నియమం మీద కోర్టులో కేసు నడుస్తోందనీ, ఈ వారానికైతే అమల్లో ఉందనీ ఫోన్‌లో అమ్మాయి చెప్పింది. వచ్చే వారం ఎలా ఉంటుందని అడిగితే తనకు తెలియదంది. గురువారం రమ్మంది. తిరిగి వెళ్ళేటప్పుడు డ్రైవ్ చేయడానికి ఎవరో ఒకరు తోడుండాలంది.

నాకు డ్రైవింగ్ రాదు. మా ఆయన సెలవు అడగాలంటే కారణం రాయాలి. ఏదో ఒక అబద్ధం రాయమన్నాను. కౌంటర్‌లో నేను చేసిన నిర్వాకం తర్వాత ఏ అబద్ధం రాసినా పట్టుబడతానన్నారు. నిజానికి ఆయన కూడా రెండు రాత్రులుగా నిద్రపోవడం లేదు. అది చూస్తూ కూడా నేను ఆయనతో మాట్లాడటం మానేశాను.

ఇక మిగిలింది నేను అక్కా అని పిలిచే ఆవిడ. బొట్టు పెట్టుకునే రెండో మనిషి. వాళ్ళది వరంగల్ వైపు, వాళ్ళాయన ఊళ్ళో కాలేజీలో లెక్కలు చెప్పేవారు. నాకంటే ఎనిమిదేళ్ళు పెద్ద. ఆవిడకు పొడుగాటి స్టేషన్ వ్యాగన్ ఉంది, పగలంతా ఖాళీ ఉంది, పిల్లలు లేరు. మూడుసార్లు కడుపు నిలిచి మూడుసార్లూ పోయింది. ఆవిణ్ణి ఈ సహాయం ఏ ముఖంతో అడగాలి? సోమవారం పొద్దున ఫోన్ ఎత్తడం, పెట్టేయడం. అలా నాలుగుసార్లు చేశాను.

మధ్యాహ్నం ఆవిడే వచ్చింది. చేతిలో స్టీలు డబ్బా ఉంది.

"నిన్న మా ఇంట్ల ఇంగువ పోపు ఏస్తుంటే బయటికి ఉరికినవ్. నాకు ఎర్క కాదనుకున్నవా, చెల్లె?" అని నవ్వింది. డబ్బా మూత తీసి చూపించింది. లోపల చలిమిడి ఉంది, కొబ్బరి ముక్కలతో.

మా వైపు మూడో నెలలో, ఇంకా ఊరికి చెప్పకముందే, తల్లి కూతుర్ని పిలిచి ఎవరూ చూడకుండా చలిమిడి పెడుతుంది. దొంగ చలిమిడి అంటాం. పాప కడుపులో ఉన్నప్పుడు నాకది పెట్టేవాళ్ళు లేరని అక్క దగ్గర ఏడ్చాను. అక్క గుర్తుపెట్టుకుంది.

"బియ్యం బ్లెండర్‌ల పట్టిన. బెల్లం దొరకలే, బ్రౌన్ షుగర్ ఏసిన. ఎట్లున్నదో ఏమో. కొంగు పట్టు." నేను ప్యాంటు వేసుకుని ఉన్నాను. చుట్టూ చూసి, పాప తువ్వాలు తీసి నా ఒళ్ళో పరిచింది.

నేను తువ్వాలు మడిచేసి చెప్పేశాను. డాక్టరు రెండేళ్ళు ఆగమన్న సంగతి చెప్పాను, గురువారం సంగతి చెప్పాను, ఇరవైనాలుగు గంటల సంగతీ చెప్పాను. చెబుతున్నంతసేపూ డబ్బా మూత వంకే చూశాను. అక్క మూత పెట్టి, డబ్బా చంకన పెట్టుకుని వెళ్ళిపోయింది. కారు స్టార్ట్ చేయడానికి చాలాసేపు పట్టింది.

ఆ రెండు రోజులూ నా ప్రాణం నాలో లేదు. అక్క రాదేమో అన్నది ఒక భయం. ఎవరితోనైనా అంటుందేమో అన్నది ఇంకో భయం. అన్నిటికంటే పెద్దది మరొకటి. కని నాకివ్వమని అడుగుతుందేమో. అడిగితే ఏం చెప్పాలో నాకు తెలియదు. అలా భయపడినందుకు నా మీద నాకే అసహ్యం వేసింది. బుధవారం సాయంత్రం ఫోన్ మోగింది.

"పొద్దుగాల ఆరింటికి వస్త. పిల్లకు బట్టలెక్కువ పెట్టుకో." అంతే, పెట్టేసింది.

మూడు గంటల దారిలో అక్క వాతావరణం గురించి తప్ప మాట్లాడలేదు. క్లినిక్ ముందు ఫుట్‌పాత్ మీద పది, పన్నెండు మంది కడుపు తీయించుకోవడం పాపమని రాసిన అట్టలు పట్టుకుని నిలబడ్డారు. అలాంటివాళ్ళుంటారని నాకెవరూ చెప్పలేదు. పాపను గట్టిగా హత్తుకున్నాను. వాళ్ళలోంచి మా అమ్మ వయసున్న ఒక తెల్లావిడ ముందుకొచ్చింది. నా చేతుల్లో పాప ఉంది, అక్క చేతులు ఖాళీగా ఉన్నాయి. ఆవిడ చూసుకున్నది అంతే. అక్క చెయ్యి పట్టుకుని మెల్లగా, బతిమాలుతున్నట్టు అంది.

"నీ బిడ్డను చంపుకోకమ్మా. ఆ పాపను చూడు, నీకూ అలాంటిది పుడుతుంది."

అక్క ఆగిపోయింది. అది నేను కాదు, ఈమె అని ఒక్క మాట అంటే సరిపోయేది. అనలేదు. చెయ్యి విడిపించుకుని తలుపు తోసింది. లోపల కుర్చీలో కూర్చున్నాక చూశాను, ఆవిడ చేతివేళ్ళు తాళంచెవుల మీద ఆగకుండా ఆడుతున్నాయి. డాక్టరు నన్ను పరీక్ష చేసి, పదకొండు దాటి పన్నెండు నిండబోతున్నాయి, రేపు తప్పితే నేను చేయలేనన్నాడు. సంతకం పెట్టాను. ఇక ఇరవైనాలుగు గంటలు ఆలోచించుకోమన్నారు. నేను ఆలోచించుకున్నది రేపు కారు చెడిపోతే ఎలా అని, పాపకు జ్వరం వస్తే ఎలా అని, పొద్దున లేచేసరికి కోర్టు ఇంకేదైనా చెబితే ఎలా అని. మోటెల్ గదిలో టీవీ మోగుతూనే ఉంది, మేమిద్దరం దాన్ని చూడలేదు.

మర్నాడు కారు పార్క్ చేసి అక్క దిగలేదు. స్టీరింగ్ పట్టుకుని అలాగే కూర్చుంది.

"ఇరవైనాలుగు గంటలు ఆలోచించుకొమ్మన్నది నిన్ను. ఆలోచించింది నేను," అంది. "కని నాకియ్యమని అడుగుదామనుకున్న, చెల్లె. నాలుగు రోజులసంది నోటి దాకా వస్తున్నది. కాని నువ్వు ఫిట్స్‌తోని పడ్డనాడు నీ పక్కన ఉన్నది నేనే. నీ కండ్లు ఎట్ల తిరిగినయో నాకు ఎర్కే. మల్ల జూడలేను."

నాకు ఏడుపు ఆగలేదు. పాపను ఆవిడకు అందించబోయాను. "మీరు ఎత్తుకోండక్కా. నిన్నటిలా మిమ్మల్ని అనరు."

"వద్దు, నీ చంకలనే ఉండనీ. వాళ్ళు నన్నే అనుకోనీ. నిన్న విన్న గద, ఇంకొక్కసారి వింట."

ఖాళీ చేతులతో ఆవిడ ముందు నడిచింది. వెనక నేను, పాప. ఆ తెల్లావిడ మళ్ళీ అక్క దగ్గరికే వచ్చింది, మళ్ళీ అదే మాట అంది, ఈసారి కళ్ళనీళ్ళతో. నావైపు ఎవరూ చూడలేదు. తలుపు మూసుకున్నాక అక్క పాపను నా చేతుల్లోంచి తీసుకుంది.

మధ్యాహ్నానికి అయిపోయింది. నొప్పి నేను భయపడినంత లేదు, పడిన భయం తగ్గడానికి మాత్రం చాలా రోజులు పట్టింది. తిరిగొస్తుంటే దారిలో ఒక పెట్రోలు బంకు దగ్గర కారు ఆపి, అక్క వెనక సీటు కింద నుంచి స్టీలు డబ్బా తీసింది. చలిమిడి గట్టిపడిపోయింది. "తిను, నీరసమొస్తది," అంది. ఇద్దరం చెంచాతో తవ్వుకుని తిన్నాం. పాప నాలుక మీద కూడా కాస్త రాసింది.

మూడేళ్ళ తర్వాత నాకు ఇంకో కూతురు పుట్టింది. కావాలనుకునే కన్నాను. అప్పటికి మేం వేరే రాష్ట్రం వెళ్ళిపోయినా, మూడో నెలలో అక్క అంత దూరం డ్రైవ్ చేసుకుని వచ్చి దొంగ చలిమిడి పెట్టి వెళ్ళింది. అప్పటికి ఎక్కడో బెల్లం కూడా సంపాదించింది. ఆవిడకు నేను చలిమిడి పెట్టే రోజు మాత్రం రాలేదు.