కొర్ర తవుడు పోసి కొన్న బిడ్డ

మా పక్కింటి అవ్వ పోయిందని అమ్మ రాయించిన కార్డు సోమవారం కర్నూలులో మా ట్రైనింగు హాస్టలుకు చేరింది. చదవగానే ఏడుపు రాలేదు. ఆమె చావును మునసబు పుస్తకంలో సరిగా రాశారో లేదో అనిపించింది. నా బుద్ధి ఇట్లా తయారు కావడానికి కారణం ఉంది. ఆ కారణంలో అవ్వ కూడా ఉంది.

నాకంటే ముందు అమ్మకు ఇద్దరు బిడ్డలు పుట్టి పోయారు. నన్నైనా దక్కించుకోవాలని, ఆచారం ప్రకారం, పుట్టిన రోజే చేటలో పెట్టి పెంటదిబ్బ మీద ఉంచారు. ముగ్గురు కొడుకుల తల్లి గదా అని అవ్వ చేత ఎత్తించారు. అమ్మ ఆమె ఒడిలో ఇంత తవుడు పోసి నన్ను కొనుక్కుంది. ఇక లెక్కకు నేను అవ్వ కన్న బిడ్డను, అమ్మ కొన్న బిడ్డను. మా ఇంట్లో చావు వెతుక్కోవడానికి ఎవరూ లేనట్టు. పుట్టుకలు అడగడానికి వచ్చిన మునసబు తలారికి కూడా మా జేజి, నాన్న తల్లి, నేను అవ్వ బిడ్డననే చెప్పింది. చావు కళ్లు కప్పబోయి సర్కారు కళ్లు కప్పారు.

నాకు జ్వరం వచ్చినప్పుడల్లా అవ్వ గడప దగ్గరే నిలబడి, "నా సొమ్ము బాగుండాదా?" అని అడిగి పోయేది. లోపలికి వచ్చేది కాదు.

టీచరు ట్రైనింగుకు పుట్టుక నకలు కావాలన్నప్పుడు సంగతి బయటపడింది. అందులో తండ్రి పేరు దగ్గర అవ్వ మొగుడి పేరు ఉంది. దిద్దించకపోతే సీటు పోతుంది. దిద్దించాలంటే అవ్వ ఆత్మకూరు వచ్చి, తహసీల్దారు ముందు నేను తన బిడ్డను కానని చెప్పాలి.

మొదటి వాయిదాకు మోకాళ్ల నొప్పులంది. రెండో వాయిదాకు మేక ఈనుతోందంది. గోడ మీదుగా తొంగి చూశాను. డొక్కలు వీపుకంటుకున్న మేక నింపాదిగా చింతాకు మేస్తోంది.

"ఏమవ్వా, నీకేం కావల్ల? చెప్పరాదా?" అన్నాను.

"కాలేజీలో ఇదేనా సెప్పేది, కొన్నబిడ్డా? అడక్కముందే బేరమాడేది?" అని నవ్వింది. "వస్తాలే. ఇంగా యాళ కాల్యా."

దేనికి వేళ? ఎవరో నూరిపోశారనుకున్నాను. ఆమె కొడుకులు ముగ్గురినీ వంతులవారీగా అనుమానించాను. "ఆయమ్మ అట్లాంటిది కాదు" అనేది అమ్మ. అమ్మ మాటా నమ్మలేదు.

మూడు నెలల తర్వాత, ఆఖరి వాయిదాకు అమ్మతో, నాతో వచ్చింది. బస్సులో ఒక మూటను ఒడిలో పెట్టుకుని, పట్టుకుంటానన్నా ఇవ్వలేదు. కచేరీలో తహసీల్దారు, "ఈ పిల్ల నీ కూతురేనా?" అని అడిగితే అమ్మ వైపు చూసింది. నా సీటు పోయిందనుకున్నాను. అవ్వ మూట విప్పి అమ్మ చేతుల్లో పెట్టింది. తవుడు.

"ముందు మల్లా కొను, అప్పుడు సెప్తా" అంది. "ఊరికే నా బిడ్డ కాదంటే, ఇనేటోళ్లు ఇంటారు, మల్లా మీ ఇల్లు ఎతుక్కుంటారు." తహసీల్దారు వైపు తిరిగింది. "ఆ పొద్దు పోసింది కొర్ర తవుడు సామీ. వరి తవుడు సెల్లదు. కొర్రలు కోసి దంచేదాంక యాడ తెచ్చేది?"

అమ్మ ఆమె ఒడిలో తవుడు పోసింది.

"ఏమని రాయమంటారు సార్?" అన్నాడు గుమాస్తా.

"కన్నదెవరో అడిగి, అది రాయి" అన్నాడు తహసీల్దారు.

"కన్నది ఈయమ్మే" అంది అవ్వ. "బొడ్డు కోసేటప్పుడు ఆడనే ఉండా."

తిరిగొస్తూ బస్సులో ఒకే మాట అంది: "రాసినోడు సూడల్యా, సూసినోళ్లు రాయల్యా. దానికి ఇంత తిరుగుడు."

కార్డు అందిన పూటే ఊరికి పోయాను. అప్పటికే మట్టి చేసేశారు. మునసబు పుస్తకం అడిగి చూశాను. వయసు అరవై అని ఉంది.

"అరవై అని ఎవరు చెప్పినారు మామా?"

"సూస్తే తెల్దా పాపా? పోనీ, ఎంతో నువ్వు చెప్పు, దిద్దుతా."

పుస్తకం మూసి ఇచ్చేశాను. నా పుట్టుకకు ఆమె సాక్షి. ఆమె పుట్టుకను చూసినవాళ్లు ఒక్కరూ మిగల్లేదు.

నాకిప్పటికీ ఒక అనుమానం. మా వీధిలో కొర్రలు దంచని ఇల్లు లేదు. పిడికెడు పాత తవుడు దొరక్కపోవడమేమిటి? ముగ్గురూ మగబిడ్డలే అయిన మనిషి, పుస్తకంలోనైనా ఇంకో మూడు నెలలు ఆడబిడ్డ తల్లిగా ఉందామనుకుందేమో. అడిగి ఉంటే నవ్వేది.

ఆమె ఇంటి గోడకు చేట ఆనించి ఉంది. అల్లిక సందుల్లో తవుడు ఇరుక్కుంది. కోడి ఒకటి వచ్చి పొడుస్తోంది. అదిలించబోయి, చెయ్యి దించుకున్నాను.