నడిగడప

అమీర్‌పేటలో టైపు ఇన్‌స్టిట్యూట్ నడిపే కామరాజు కొన్నాళ్ళపాటు కొందరికి గురువయ్యాడు. కావాలని అయిందేమీ కాదు. పెళ్ళయిన కొత్తలో భీమవరం నుంచి వచ్చి, ఒక అద్దె హాల్లో నాలుగు మిషన్లు వేసుకుని బతుకు మొదలుపెట్టిన మనిషి. చుట్టుపక్కల మేడలన్నీ కంప్యూటర్ కోర్సుల బోర్డులతో నిండిపోతున్నా ఆయన మిషన్లు టకటకలాడుతూనే ఉండేవి. "ఇంకెన్నాళ్ళు నాన్నా ఈ టైపు?" అని నవ్వి, ఒక్కగానొక్క కూతురు హైందవి కూడా ఎదురు మేడలో కంప్యూటర్ క్లాసులో చేరింది.

ఆ వానాకాలం హైందవికి మెదడువాపు జ్వరం వచ్చింది. పంజాగుట్టలో ఒక ఆసుపత్రిలో చేర్చారు. ఐసీయూలోకి ఎవరినీ రానివ్వలేదు. కామరాజు తలుపు ముందే నిలబడ్డాడు. భార్య స్వరాజ్యం బెంచీ మీద కూర్చోమన్నా కూర్చోలేదు. చివరికి తలుపు తెరిచిన నర్సు మొహం చూడగానే ఆయనకి అర్థమైంది. పిల్ల ఎప్పుడు పోయింది? తను తలుపు వైపు చూస్తున్నప్పుడా, కళ్ళు తుడుచుకుంటున్నప్పుడా? ఆ ప్రశ్న ఆయన్ని తినేసింది.

ఆ ప్రశ్నలోంచే ఆ బోధ పుట్టింది. గడపకి లోపల, బయట అని రెండే ఉన్నాయనుకుంటాం, మధ్యలో మూడోది ఉంది, అది నడిగడప అన్నాడు కామరాజు. దాటే మనిషి ఒక్క ఊపిరిసేపు అటూ ఉండడు, ఇటూ ఉండడు. ఆ ఊపిరికి కాలం లేదు. పోయినవాళ్ళంతా ఇంకా అందులోనే ఉన్నారు. ఏ గుమ్మం దగ్గరైనా ఆగి, నిండా గాలి పీల్చుకుని, విడిచేలోపు మనసు నిలిపితే వాళ్ళు మన పక్కకి వస్తారు.

మొదట టైపు నేర్చుకోవడానికి వచ్చినవాళ్ళకి చెప్పాడు. సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు ఊడిపోతున్న ఏడాది అది. ఉన్న ఉద్యోగం పోయి, ఇంకోటి దొరక్క హాస్టళ్ళలో పడి ఉన్న పిల్లలకి ఆ మాట ఎక్కడో తగిలింది. ఆదివారం సాయంత్రాలు మిషన్లు పక్కకి జరిపి చాపలు పరిచేవారు. హాలు నిండిపోయేది.

స్వరాజ్యం మాత్రం ఎన్నడూ ఆ హాల్లోకి రాలేదు. ఒకసారి ఇంట్లో గట్టిగా ఏడవబోతే, "ఏడవకు స్వరాజ్యం. పోయిందని ఏడిస్తే దాన్ని మనమే అవతలికి తోసేసినట్టు" అన్నాడు. అప్పట్నుంచి ఆవిడ స్నానాల గదిలో కుళాయి తిప్పుకుని ఏడ్చేది. అది ఆయనకి తెలుసు. తెలిసినా అడగలేదు.

ఒక ఆదివారం సనత్‌నగర్ నుంచి హనుమాండ్లు అనే లేత్ మిషన్ కార్మికుడు వచ్చాడు. కొత్తగా భార్యను పోగొట్టుకున్నవాడు. వెనక గోడకి ఆనుకుని అంతా విన్నాడు. వెళ్ళేముందు కామరాజు చేతులు రెండూ పట్టుకుని, "సార్, మా చంద్రమ్మ సుత ఆడనే ఉంటదా?" అన్నాడు.

"ఉంటుంది" అన్నాడు కామరాజు.

తర్వాతి వారం హనుమాండ్లు రాలేదు. ఆయన కూతురు సుకన్య వచ్చింది.

"సార్, మా బాపు గడప మీదికెళ్ళి లేస్తలేడు. డ్యూటీకి పోతలేడు, బువ్వ తింటలేడు. అమ్మ ఊపిరిల ఉంటదని ఊపిరి బిగవట్టుకుంటుండు. నిన్న కండ్లు దేలేసిండు. నాకు మస్తు భయమైతుంది సార్. మీరొచ్చి జెప్తేనే ఇంటడు."

కామరాజు చెప్పులు వేసుకుని ఆ అమ్మాయి వెంట వెళ్ళాడు. ఒక్క గది ఇల్లు. హనుమాండ్లు గుమ్మంలో దర్వాజకి వీపు ఆనించి కూర్చున్నాడు. పెదాలు నల్లబడ్డాయి. ఈయన్ని చూడగానే మొహం విప్పారింది.

"రాండ్రి సార్. నిన్న బాగ దగ్గరికొచ్చింది. ఇంకింత సేపు పట్టుకుంటె మొకం గానొస్తది."

"లే హనుమాండ్లూ. లోపలికి వెళ్ళి రెండు మెతుకులు తిను."

"మీరే జెప్పిండ్రు గద సార్."

"చెప్పాను. తెలియక చెప్పాను."

"గట్లంటే ఎట్ల సార్? మరి మీ బిడ్డ?"

కామరాజు గుమ్మం ముందు నేల మీదే కూర్చున్నాడు. హనుమాండ్లు మళ్ళీ గాలి పీల్చి ఊపిరి బిగించాడు. మెడ నరాలు ఉబ్బుతున్నాయి. గోడ పక్కన సుకన్య ఏడుస్తోంది.

"మా అమ్మాయి పోయింది" అన్నాడు కామరాజు. "నేను బయట ఉండగానే లోపల పోయింది. ఎక్కడా లేదు. మీ ఆవిడ కూడా పోయింది హనుమాండ్లూ."

హనుమాండ్లు ఊపిరి వదిలేశాడు.

"ఒక్కపారి సచ్చిపోయిందాన్ని ఇంకోపారి సంపిండ్రు గద సార్" అన్నాడు. తర్వాత కూతురి భుజం పట్టుకుని లేచి, లోపలికి వెళ్ళి తలుపు వేసుకున్నాడు.

ఇంటికి వచ్చి కామరాజు వంటింట్లోకి వెళ్ళాడు. "హైందవి పోయింది స్వరాజ్యం" అన్నాడు, ఆ కబురు అప్పుడే మోసుకొచ్చినట్టు. కూరగాయలు తరుగుతున్న ఆవిడ కత్తిపీట పక్కన పెట్టి, "ఇప్పటికి అన్నారా" అని ఆయన చొక్కా పట్టుకుని కుదిపింది. ఇరుగుపొరుగు వచ్చేంత గట్టిగా ఏడ్చింది. ఏం చేయాలో తెలియక ఆయన ఆవిడ తల నిమురుతూ ఉండిపోయాడు.

ఆ తర్వాత ఆదివారాలు లేవు. వచ్చినవాళ్ళకి, "నాకేమీ తెలియదమ్మా, వెళ్ళిరండి" అని చెప్పేవాడు. కొందరు తిట్టుకున్నారు. మిషన్లు ఒక్కొక్కటే పాత ఇనుములోకి వెళ్ళాయి. హాలు ఎవరో కోచింగ్ వాళ్ళు తీసుకున్నారు. హనుమాండ్లు మళ్ళీ పనిలోకి వెళ్తున్నాడని సుకన్య ఒకసారి వచ్చి చెప్పింది. ఆయన మాత్రం కామరాజుని మళ్ళీ చూడలేదు.

కొన్నేళ్ళ తర్వాత, లక్డీకాపూల్‌లో బస్సెక్కిన కామరాజుకి ఒక యువకుడు లేచి సీటిచ్చాడు. మెడలో కంపెనీ కార్డు.

"గుర్తున్నానా సార్? ఉద్యోగం పోయినప్పుడు మీ హాలుకి వచ్చేవాణ్ణి. ఆ ఆదివారాలు లేకపోతే నేనేమైపోయేవాణ్ణో. ఆ మాటలు ఇంకెవరికీ చెప్పట్లేదా సార్?"

కామరాజు "అలాగా బాబూ" అన్నాడు. టికెట్ అమీర్‌పేట దాకా ఉన్నా ఎర్రమంజిల్‌లోనే దిగిపోయి, ఎండలో నడుచుకుంటూ ఇంటికి వెళ్ళాడు.