సముద్రం వైపు చెయ్యి

మడిచిన గోనెసంచి మోకాళ్ళ కింద వేసుకుని, నాలుగడుగుల వెడల్పూ ఐదడుగుల పొడవూ ఉన్న గదిలో ఫెరెటి వంగి ఉన్నాడు. ఆ గదిలోకి వెలుతురు వచ్చేది గుమ్మంలోంచే. గుమ్మంలో అతని భార్య ఎసేత నిలబడింది.

“జరుగు. చీకటి చేస్తున్నావు.”

“నీ వీపే గదంతా ఉంది. నేను జరిగితే ఇంకేం కనిపిస్తుంది?”

“అడిగావా?”

“అడగలేదు. ఏమని అడగను? వదినా, దొడ్డికి కూర్చున్నప్పుడు ఏ చేత్తో పట్టుకుంటావు అనా?”

“నా ముందు ఆ మాట అనకు.”

“చూశావా. నువ్వు వినలేని మాట నన్ను అడిగి రమ్మంటున్నావు.”

ఫెరెటి రసమట్టం నేలమీద పెట్టి, బుడగ వైపు చూసి, దాన్ని తీసి మళ్ళీ అక్కడే పెట్టాడు. మట్టం చూడటానికి కాదు. కోపం వస్తే అతను అలా చేస్తాడు.

మకెరీత అతనికి అక్క, పదకొండేళ్ళు పెద్ద. తల్లి పోయాక అతన్ని పెంచింది ఆవిడే. చేపలో ముళ్ళు ఏరి పెట్టింది, తల దువ్వింది, బడికి పోనంటే బాదింది. మీసం మొలిచినప్పటి నుంచి మాత్రం వాళ్ళిద్దరి మధ్యా కొన్ని మాటలు లేవు. స్నానం, దొడ్డి, ఒంట్లో నొప్పి, ఇవేవీ అక్క ఎదుట తమ్ముడు ఎత్తడు, తమ్ముడి ఎదుట అక్క ఎత్తదు. తెలియక మూడోవాళ్ళెవరైనా ఎత్తితే ఇద్దరిలో ఒకరు లేచి వెళ్ళిపోతారు. మా ఊళ్ళో ఏ ఇంట్లో అయినా ఇంతే. అక్క కోరింది చేసిపెట్టడం తమ్ముడి బాధ్యత. ఆవిడకి ఏం కావాలో కనుక్కోవడం మాత్రం ఇంకెవరిదో.

మార్చిలో మకెరీత చాకిరేవు దగ్గర నల్లరాళ్ళ మీద జారిపడింది. తుంటి విరిగింది, ఒక భుజం బెణికింది. పట్నంలో, ఆపియా ఆస్పత్రిలో నెల రోజులుంచి, తుంటిలో ఇనుము వేసి, నాలుగు కాళ్ళ నడక చట్రం ఒకటి ఇచ్చి పంపించారు. పాత మరుగుదొడ్డి అరటిచెట్లు దాటి, పందుల గోడ దాటి, ఎగుడుదిగుడు రాళ్ళ అవతల ఉంది. అక్కడికి చట్రంతో నడవడం కుదరదు. ఫెరెటి కొడుకులిద్దరూ ఆవిణ్ణి ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి మోసుకెళ్ళేవారు. దారిలో కనబడ్డవాళ్ళందరూ మర్యాదగా పక్కకి తిరిగి నిలబడేవారు. ఆ మర్యాదే ఆవిణ్ణి చంపినంత పని చేసింది. మూడోరోజు నుంచి నీళ్ళు తాగడం మానేసింది. తాగకపోతే వెళ్ళక్కర్లేదు కదా.

పొద్దున ఒక గుక్క, పడుకునే ముందు ఒక గుక్క. ఊరికి వచ్చిన నర్సు ఆవిడ ముంజేతి మీద చర్మం గిల్లి వదిలింది. గిల్లిన మడత అలాగే ఉండిపోయింది. “ఇంకో పది రోజులు ఇలాగే ఉందంటే మళ్ళీ ఆస్పత్రే. ఈసారి కిడ్నీలకి” అని ఎసేతతో చెప్పి వెళ్ళింది. ఎసేత ఆ సంగతి ఫెరెటికి చెప్పింది. అతను మర్నాడు వరండా చివర కొత్త మరుగుదొడ్డికి ముగ్గు పోసి గోడలకి కొలతలు వేశాడు.

గోడలు లేచాయి, రేకులు పడ్డాయి, నీళ్ళ గొట్టం వేసి కమోడు దించారు. నేల ఒక్కటే మిగిలింది. కూర్చోవడానికీ లేవడానికీ ఆవిడ పట్టుకునేందుకు నడుమెత్తు ఇనప గొట్టం ఒకటి నేలలో దించాలి. టైల్స్ పరిచాక దించడం కాదు, ముందే కాంక్రీటులో దించి, టైలుని దాని చుట్టూ కోసి పరవాలి. గొట్టం కమోడుకి ఏ పక్కన ఉండాలో తెలిస్తే గాని పని ముందుకు కదలదు. మకెరీత రెండు చేతులతో చట్రం పట్టుకుని నడుస్తుంది, కాళ్ళ మీద ఎప్పుడూ గుడ్డ కప్పి ఉంటుంది. ఆవిణ్ణి లేవదీసేటప్పుడు ఫెరెటి మొహం అటు తిప్పుకుంటాడు. విరిగింది ఏ తుంటో, బెణికింది ఏ భుజమో అతనికి తెలియదు. ఆస్పత్రి కాగితాల్లో ఉంటుంది. ఆ కాగితాలు అతను ముట్టుకోడు.

ఈ పని అతనికి కొత్త కాదు. ఇరవై రెండో ఏట మా దీవి వదిలి ఆక్లండ్ వెళ్ళి మాంసం ఫ్యాక్టరీలో చేరాడు. అక్కడి చలి పడక టైల్స్ ముఠాలోకి మారాడు. పందొమ్మిదేళ్ళు జనం స్నానాల గదుల్లో మోకాళ్ళ మీదే బతికాడు. మోకాళ్ళు పూర్తిగా పోయాక ఊరికి తిరిగొచ్చాడు. ఇక్కడ టైల్స్ వేయించుకునేవాళ్ళు ఎంతమంది? పాస్టరుగారి ఇల్లు, బీచిలో ఒక గెస్ట్‌హౌసు. మిగతా రోజులంతా తారో అనే చేమదుంపల తోటలోనే. అయినా ఊరంతా అతన్ని మోకాళ్ళ ఫెరెటి అంటుంది.

“ఆక్లండ్‌లో ముసలి తెల్లావిడల్ని నిలబెట్టి అడిగేవాణ్ణి” అన్నాడు. “ఏ కాలు నొప్పి, ఏ చెయ్యి బలం, ఎన్నిసార్లు లేస్తారు అని. బిస్కెట్లు పెట్టి మరీ చెప్పేవాళ్ళు.”

“అయితే వెళ్ళి వాళ్ళకే వెయ్యి.”

“ఎసేతా. ఏ చెయ్యి? ఒక్క మాట. కనుక్కురా.”

ఎసేత వెళ్ళింది. వరండా ఆ చివర కుర్చీలో మకెరీత రోడ్డు చూస్తూ కూర్చుని ఉంది. ఎసేత ఆవిడ చెవి దగ్గర వంగింది. మకెరీత విసనకర్ర మొహానికి అడ్డం పెట్టుకుంది. ఎసేత అంతే వేగంగా తిరిగొచ్చింది.

“సముద్రం వైపు చెయ్యి అంది.”

“ఇంకేమన్నా అందా?”

“ఇంకేమంటుంది? సిగ్గుతో చచ్చిపోయింది. నేనూ చచ్చిపోయాను. ఇంకోసారి పంపకు నన్ను.”

ఆ జవాబులో ఫెరెటికి సందేహం రాలేదు. మా దగ్గర కుడి, ఎడమ అని ఎవరూ అనరు. చెంబు కొండ వైపు జరుపు అంటాం, నీ సముద్రం వైపు చెంప మీద మసి ఉంది అంటాం. సాయంత్రానికల్లా గొట్టం కమోడు పక్కన, సముద్రం వైపు గోడ దగ్గర కాంక్రీటులో నిలబడింది.

శుక్రవారం పొద్దున టైల్స్ మొదలుపెట్టాడు. పనిచేస్తున్నంతసేపూ తిట్టుకుంటూనే ఉన్నాడు. కొడుకులు కట్టిన గోడ ఒక మూల బొటనవేలంత పక్కకి పోయింది. “వీళ్ళని నేనే కన్నానా?” ఆపియా నుంచి బస్సులో తెచ్చిన ఇరవై నాలుగు టైల్స్‌లో రెండు ఎవరో కూర్చోగా పగిలాయి. గమ్ము బకెట్లో చీమలు పడ్డాయి. ముందు అన్నిటినీ ఉత్తినే పరిచి చూశాడు. తీసేశాడు, మళ్ళీ పరిచాడు. నీళ్ళు మూలనున్న జాలీలోకి పోయేలా వాటం పెట్టాడు. మరీ ఎక్కువ వాటమైతే ముసలికాళ్ళు జారతాయి, తక్కువైతే నీళ్ళు నిలిచి ఇంకా జారతాయి. రబ్బరు సుత్తితో ఒక్కొక్కదాన్నీ కొట్టి చెవి పెట్టి విన్నాడు. డొల్ల మోగినవి పీకి మళ్ళీ వేశాడు. గొట్టం చుట్టూ కోసేటప్పుడు ఒకటి చీలింది. ఆఖరి వరస పడుతుండగా ఒక కోడిపెట్ట లోపలికొచ్చి తడి మీద అటూ ఇటూ నడిచింది.

“ఎసేతా, నీ కోడి.”

“నాది కాదు.”

“ఈ పూట కూరయితే అప్పుడు ఎవరిదో తెలుస్తుంది.”

మధ్యాహ్నానికి ఇరవై టైల్స్ పడ్డాయి. ఒక్కటి మిగిలింది.

శనివారం పొద్దున సందులు నింపి తుడిచాడు. నేల మీద చెయ్యి వేసి నొక్కి చూసి, ఎసేతతో “తీసుకురా” అన్నాడు. తను పెరట్లో సీమపనస చెట్టు దగ్గరికి వెళ్ళి ఇంటికి వీపు పెట్టి నిలబడ్డాడు. వెనక చట్రం టక్కుటక్కుమంటూ వచ్చింది. గుమ్మం దాటింది. తర్వాత ఎసేత గొంతు, “అయ్యో వదినా, ఆగు, ఆగు” అని. మళ్ళీ టక్కుటక్కు. ఈసారి బయటికి.

మకెరీత మెట్టు దగ్గర ఆగి ఆయాసపడింది.

“ఎసేతా, మీ ఆయనకి చెప్పు. నేల బాగుంది. గొట్టం కూడా గట్టిగా ఉంది. కానీ అటువైపు చేత్తో నేను కప్పు కూడా ఎత్తలేను.”

ఫెరెటి చెట్టు వైపే చూస్తూ అన్నాడు. “ఎసేతా, అడుగు. సముద్రం వైపు అన్నది ఎవరు?”

“నేనే అన్నాను. వరండాలో కూర్చుని అన్నాను. సముద్రం ఇటు ఉంది” అని మకెరీత కుడిచెయ్యి ఎత్తింది. అతను చూడటం లేదని తెలిసినా ఎత్తింది. “ఇదీ నా చెయ్యి.”

వరండాలో ఆవిడ తూర్పుకి తిరిగి కూర్చుంటుంది. సముద్రం కుడిపక్క. మరుగుదొడ్లో కమోడు మీద కూర్చుంటే మొహం పడమటి గుమ్మం వైపు. సముద్రం ఎడమపక్క. బెణికిన భుజం పక్క.

ఫెరెటికి అర్థమవడానికి అంతసేపు పట్టలేదు. మొహం మాత్రం చాలాసేపు చెట్టు వైపే ఉంది.

“లోపల కూర్చుంటే సముద్రం ఎటు వస్తుందో ఆలోచించలేదా అని అడుగు.”

“లోపల నేనెప్పుడు కూర్చున్నాను అని చెప్పు.”

“ఇద్దరూ నాలుగడుగుల దూరంలో ఉన్నారు” అంది ఎసేత. “ఎవరికీ చెవుడు లేదు. మధ్యలో నేనేమన్నా టెలిఫోను తీగనా?”

వాళ్ళిద్దరూ ఆ మాట విననట్టే ఉన్నారు.

“పందొమ్మిదేళ్ళు ఇదే పని చేసి వచ్చినవాడికి నాకు నొప్పి ఏ పక్కో తెలియలేదా అని అడుగు.”

“చూడకూడని వైపు చూడకుండా పెంచింది తనే కదా అని చెప్పు.”

మకెరీత నవ్వింది కాబోలు, చట్రం కదిలిన చప్పుడయింది. “ఇంక కుర్చీలో మాత్రం ఎక్కనని చెప్పు” అంది. “సోమవారం మొదలుపెట్టి మంగళవారం దాకా చేసినా సరే, అలాగే ఉంటాను.”

అలాగే ఉండటమంటే ఏమిటో ముగ్గురికీ తెలుసు. ఆవిడ పెదాలు చేప పొలుసుల్లా లేచి ఉన్నాయి.

మర్నాడు ఆదివారం. ఆదివారం ఉలి చప్పుడు వినిపిస్తే ఊరి పెద్దలు ఒక పందిని జరిమానాగా తీసుకుంటారు. ఫెరెటి చెట్టు దగ్గర్నుంచి వచ్చి, అక్క ముందు తల వంచి, ఆవిణ్ణి దాటి లోపలికి వెళ్ళి ఉలి తీసుకున్నాడు. నిన్న పరిచిన టైల్స్ మీద మొదటి దెబ్బ వేసేటప్పుడు కళ్ళు మూసుకున్నాడని ఎసేత తర్వాత చెప్పింది. అతను ఒప్పుకోలేదు.

కొండ వైపు రెండు టైల్స్ పగలగొట్టాడు. కింద కాంక్రీటు మోచేతి లోతు తవ్వాడు. గెస్ట్‌హౌసు పనిలో మిగిలిన, గంటలో గట్టిపడే సిమెంటు అరడబ్బా ఉంటే అది కలిపి రెండో గొట్టం దించాడు. మొదటిదాన్ని పీకడానికి పొద్దు చాలదు. ఉండనిచ్చాడు. రెండు టైల్స్ కావాలి, చేతిలో ఉన్నది ఒకటి. రెండోదాని చోట పగిలిన ముక్కల్లో పెద్దవి ఏరి అతికించాడు. ఒక్క ముక్క కూడా పక్కదానితో కలవలేదు. ముందురోజు చీలిన టైలు ముక్కనీ, బస్సులో పగిలినదాన్నీ చేతిలో పెట్టుకుని చాలాసేపు తిప్పితిప్పి చూశాడు.

“పాస్టరుగారింట్లో ఇలా వేస్తే నన్ను ఊళ్ళోంచి వెళ్ళగొట్టేవాళ్ళు” అన్నాడు.

“ఇక్కడికి పాస్టరుగారు రారులే” అంది ఎసేత లాంతరు పట్టుకుని. “ఆ ముక్క తిప్పు. మొనదేరి ఉంది.”

“నాకు తెలీదా?”

“తెలిస్తే తిప్పు.”

తిప్పాడు. పొద్దు గుంకేటప్పటికి ముగించి, తడి ఆరడానికి తలుపు తెరిచే ఉంచి, గుమ్మానికి అడ్డంగా బల్ల పెట్టి, దానిమీద రాయి పెట్టాడు. కోడి కోసం.

ఆదివారం చర్చి అయింది, భోజనాలయ్యాయి. పొయ్యిలో కాల్చిన తారో, కొబ్బరిపాల ఆకుకూర అందరూ తిన్నారు. మకెరీత తినలేదు. కుర్చీలోంచే వరండా ఆ చివర బల్ల వైపు చూస్తూ ఉంది. మూడు గంటలకి ఫెరెటి వెళ్ళి బల్ల తీశాడు. లోపల కొత్త గొట్టాన్ని రెండు చేతులా పట్టుకుని తన బరువంతా వేసి ఊగి చూశాడు. బయటికొచ్చి, తువ్వాలు భుజాన వేసుకుని తోటవైపు వెళ్ళిపోయాడు.

“ఎసేతా” అంది మకెరీత. “కోకో ఉందా?”

పెద్ద కప్పుతో తాగింది. తర్వాత లేత కొబ్బరికాయ ఒకటి కొట్టించుకుంది. తర్వాత మంచినీళ్ళు అడిగింది. ఎసేత చెంబు అందిస్తూ “నెమ్మదిగా వదినా” అంటే, “నాలుగు వారాలు నెమ్మదిగానే ఉన్నాను” అంది.

పొద్దు గుంకేవేళ ప్రార్థనకి శంఖం ఊదారు. ఊరంతా సద్దుమణిగింది. ఇంట్లో అందరూ చాపల మీద ప్రార్థనకి కూర్చున్నారు. మకెరీత కుర్చీలో కూర్చుంది. పాట ఎత్తేది ఎప్పుడూ ఫెరెటే. నాలుగు చరణాల పాట ఎత్తుకున్నాడు. రెండో చరణంలో వెనక కుర్చీ కిర్రుమంది. చట్రం టక్కుమంది. ప్రార్థన మధ్యలో లేవడం మా ఊళ్ళో ఎక్కడా లేదు. కొడుకులిద్దరూ కళ్ళు తెరిచారు. ఫెరెటి వాళ్ళ వైపు ఉరిమి చూసి గొంతు పెంచాడు.

టక్కు, టక్కు, వరండా చివరిదాకా. ఎసేత లేవబోయింది. “ఒక్కదాన్నే” అన్న మాట వినబడి ఆగిపోయింది. తలుపు మూసిన చప్పుడు.

అది పలచటి తలుపు, లోపల ఏ చప్పుడైనా బయటికి వస్తుంది. ఫెరెటి ఇంకా గొంతు పెంచాడు. అతనిది మంచి గొంతు కాదు. నాలుగో చరణం అయిపోయింది. ఆవిడ రాలేదు. అతను ఊపిరి పీల్చుకుని మళ్ళీ మొదటి చరణం ఎత్తుకున్నాడు.

“మళ్ళీనా?” అంది ఎసేత కళ్ళు మూసుకునే.

“పాడు.”

కొడుకులు నవ్వు ఆపుకోలేక తలలు దించుకున్నారు. అతను చిన్నవాడి వీపు మీద ఒక్కటేసి, పాడుతూనే చేత్తో తాళం చూపించాడు. మూడోసారికి గొంతు బొంగురుపోయింది. పక్కింటివాళ్ళ ప్రార్థన ఎప్పుడో అయిపోయింది. వాళ్ళు ఇటువైపు వింటున్నారని అతనికి తెలుసు. నుదుటి మీద చెమట తుడుచుకుని, తలుపు తెరుచుకునేదాకా, ఆ తర్వాత చట్రం కుర్చీదాకా వచ్చేవరకూ, మూడో చరణాన్నే రెండుసార్లు పాడాడు.